సాయంకాలపు కరెంటు ఎవరి చేతిలో?

వెంగళరావు నగర్ సందుల్లో డాబాల మీద నీళ్ల ట్యాంకు పక్కనే సోలార్ పలకలు కనిపించడం ఇప్పుడు వింతేమీ కాదు. 2024 ఫిబ్రవరిలో మొదలైన పీఎం సూర్యఘర్ పథకం కింద మూడు కిలోవాట్లు పెట్టించుకున్న ఇంటికి కేంద్రం రూ.78 వేల సబ్సిడీ ఇస్తోంది. పగలు ఇంట్లో వాడగా మిగిలింది గ్రిడ్‌లోకి పోతుంది. చీకటి పడ్డాక అదే గ్రిడ్ నుంచి తెచ్చుకుంటారు. నెలాఖరున బిల్లులో ఇచ్చిందీ పుచ్చుకున్నదీ చెల్లుకు చెల్లు. ఇంటాయన లెక్కలో మధ్యాహ్నం ఇచ్చిన యూనిట్, రాత్రి ఏడింటికి తీసుకున్న యూనిట్ ఒకటే. గ్రిడ్ లెక్క వేరు. మిట్టమధ్యాహ్నం సోలార్ కరెంటు వద్దన్నా వచ్చి పడుతుంది. సాయంత్రం ఆరున్నరకి, ఊరంతా ఒకేసారి లైట్లూ ఏసీలూ వేసే వేళకి, కావాలన్నా దొరకదు.

ఈ రెండు యూనిట్ల మధ్య తేడానే వ్యాపారం చేసుకున్న కంపెనీ ఒకటి ఇదే హైదరాబాద్‌లో పుట్టింది. చలమలశెట్టి అనిల్ కుమార్, కొల్లి మహేష్ 2000 దశకం మధ్యలో మొదలుపెట్టిన గ్రీన్‌కో, జూబ్లీహిల్స్ చిరునామాతోనే లండన్ మదుపరుల దగ్గరికి వెళ్లింది. అయిదారు మెగావాట్ల ఊక కేంద్రాలతో మొదలై ఇవాళ దేశంలో ఏడు వేల మెగావాట్లకు పైగా నడుపుతోంది. దీన్ని కొందరు దూరదృష్టి అంటారు, కొందరు అదృష్టం అంటారు. లెక్కలు తిరగేస్తే కనిపించేది మరొకటి. తాను అమ్ముతున్న కరెంటు చవక కాబోతోందని ముందే పసిగట్టి, ఇంకా చవక కాని దాని మీదికి జరగడం. ప్రతి మెట్టులోనూ ఈ కంపెనీ చేసింది అదే. అయితే ఆ జరుగుడుకు డబ్బు ఎవరు పెట్టారు, మాట తప్పిన రోజున భారం ఎవరి నెత్తిన పడింది, ప్లాంట్లు లేచిన ఊళ్లకు ఏం మిగిలింది అన్నవి కూడా చూస్తేగానీ ఈ ఎదుగుదల విలువ తేలదు.

గ్యాస్ నేర్పిన పాఠం

సంప్రదాయేతర ఇంధనం అన్న మాట మన ప్రభుత్వ కాగితాల్లోకి వచ్చిన తీరే తమాషాగా ఉంటుంది. ఆంధ్రప్రదేశ్‌లో ఈ పని చూసే నెడ్‌క్యాప్, ఇప్పటి ఎన్‌ఆర్‌ఈడీక్యాప్, 1969లో పుట్టినప్పుడు మాంసం, కోళ్ల అభివృద్ధి సంస్థ. 1986లో దాన్నే గోబర్ గ్యాస్, సౌర పొయ్యిలు, గాలిమరలు చూసుకోమని మార్చారు. ఎండనూ గాలినీ అప్పట్లో ఎవరూ పెద్ద వ్యాపారంగా చూడలేదనడానికి ఇంతకంటే సాక్ష్యం అక్కర్లేదు.

పెద్ద వ్యాపారం అప్పుడు గ్యాస్. 1990లలో కరెంటు ఉత్పత్తిలోకి ప్రైవేటును రానిచ్చాక, కృష్ణా గోదావరి బేసిన్ గ్యాస్‌ని నమ్ముకుని జేగురుపాడులో జీవీకే, కాకినాడలో స్పెక్ట్రమ్, కొండపల్లిలో ల్యాంకో ప్లాంట్లు కట్టాయి. హైదరాబాద్ కాంట్రాక్టర్లు కరెంటు కంపెనీల యజమానులైన కాలం అది. 2011 తర్వాత బేసిన్‌లో గ్యాస్ దిగుబడి పడిపోయేసరికి వేల మెగావాట్ల ప్లాంట్లు తుప్పు పట్టకుండా చూసుకోవడమే పనిగా నిలిచిపోయాయి. బొగ్గులో తలమునకలైన ల్యాంకో ఇన్‌ఫ్రాటెక్ 2018లో లిక్విడేషన్‌కి పోయింది. తర్వాతి తరం దీన్నుంచి నేర్చుకున్నది ఒక్కటే: ఇంధనం ఇంకొకరి చేతిలో ఉంటే ప్లాంటు మనదైనా కరెంటు మనది కాదు.

గ్రీన్‌కో మొదటి మెట్టు కూడా ఆ పాఠాన్ని తప్పించుకోలేదు. ఆంధ్ర, కర్ణాటకల్లో వరి పండే చోట్ల ఊకతో, పంట వ్యర్థాలతో నడిచే కేంద్రాలు అప్పటికి కాస్త ఫ్యాషన్. కాగితం మీద లెక్క అందంగా ఉంటుంది. మిల్లు వెనక గుట్టగా పడి ఉండే ఊక, దాన్ని మండించే బాయిలర్, కరెంటు కొనడానికి ప్రభుత్వం. నడపడం మొదలుపెట్టాక గానీ అసలు సంగతి తెలియదు. ప్లాంటు గేటు దగ్గర వేబ్రిడ్జి ఎక్కిన లారీలో ఎంత ఊక ఉందో, ఎంత తేమ ఉందో తేల్చుకోవడమే రోజూ ఒక పంచాయితీ. వాన పడితే తడిసిన ఊక మండదు. ఊకలో సిలికా ఎక్కువ కాబట్టి దాని బూడిద బాయిలర్ గొట్టాలను అరగదీస్తుంది. ఇక ప్లాంటు తమ ఊక మీదే ఆధారపడిందని తెలిశాక మిల్లు యజమానులు ఊరుకుంటారా? నిన్నటిదాకా ఊరికే తీసుకుపొమ్మన్నవాళ్లే టన్నుకు రేటు కట్టారు. ఇటుక బట్టీల వాళ్లు కూడా పోటీకి వచ్చారు.

ధర వైపు నుంచి మరో దెబ్బ. సంప్రదాయేతర కేంద్రాలకు 1994-95ని ఆధారంగా పెట్టుకుని యూనిట్‌కు రూ.2.25, ఏటా అయిదు శాతం పెంపు అని కేంద్రం మార్గదర్శకాలు ఇచ్చింది. రాష్ట్రం దాన్ని పాటించింది. 2004 మార్చిలో రాష్ట్ర విద్యుత్ నియంత్రణ మండలి ఆ ధరలను తిరగరాసి తగ్గించింది. వ్యవహారం ట్రిబ్యునల్‌కీ అక్కణ్నుంచి సుప్రీంకోర్టుకీ వెళ్లి, మండలికి ధరలు సమీక్షించే అధికారం ఉందని 2010 జులైలో తీర్పు వచ్చింది. ఆరేళ్ల పాటు ఏ ధరకు అమ్ముతున్నామో తెలియకుండా కంపెనీలు కరెంటు అమ్మాయి. ఈ తగవు పదిహేనేళ్ల తర్వాత ఇంకా పెద్ద మొత్తాలతో మళ్లీ రాబోతోందని అప్పుడు ఎవరూ అనుకోలేదు.

డబ్బు ఎక్కడి నుంచి వచ్చింది

చిన్న ప్లాంట్ల యజమానులు చాలామంది ఈ దశలోనే ఆగిపోయారు. గ్రీన్‌కో దారి మార్చింది అక్కడే. 2007 నవంబరులో లండన్‌లోని చిన్న కంపెనీల మార్కెట్ అయిన ఏఐఎంలో నమోదైంది. అప్పట్లో మన బ్యాంకులకు ఊక ప్లాంటంటే అనుమానం. లండన్ మదుపరులకు మాత్రం అందులో రెండు ఆదాయాలు కనిపించాయి. ఒకటి కరెంటు. రెండోది క్యోటో ఒప్పందం కింద వచ్చే కార్బన్ క్రెడిట్లు. ఇక్కడ ఊక మండిస్తే బొగ్గు ఆదా అయిందన్న లెక్కన యూరప్ కంపెనీలు ఆ క్రెడిట్లు కొనేవి. 2012 నాటికి వాటి ధర దాదాపు సున్నా అయింది. అప్పటికి గ్రీన్‌కో హిమాలయ రాష్ట్రాల నుంచి కర్ణాటక దాకా చిన్న జలవిద్యుత్ కేంద్రాల్లోకీ, గాలిలోకీ జరిగిపోయింది. ఊకకు లారీ కావాలి. ఏటి నీటికీ గాలికీ అక్కర్లేదు.

2014లో 55 కోట్ల డాలర్ల బాండ్లు 8 శాతం వడ్డీకి అమ్మింది. పునరుత్పాదక రంగంలో మన కంపెనీ ఒకటి అలా విదేశీ బాండ్ల మార్కెట్‌కు వెళ్లడం అప్పటికి కొత్త. వచ్చేది రూపాయి, కట్టాల్సింది డాలరు. రూపాయి పడిపోకుండా ముందస్తు ఒప్పందాలు కొనుక్కోవాలి, దానికీ ఖర్చే. అయినా రూపాయి రుణాల కంటే పని తేలికైంది, ఎందుకంటే తాకట్టు అడిగేది ఒక్కో ప్లాంటు కాదు, అన్ని ప్లాంట్ల ఆదాయం కలిపి. ఒక లోయలో ఏరు ఎండినా మరో కొండ మీద గాలి వీస్తుందన్నది ఆ బాండు వెనకున్న వాదన.

2015లో సింగపూర్ ప్రభుత్వ పెట్టుబడి సంస్థ జీఐసీ లండన్ వాటాదార్ల చేతిలోని వ్యాపారాన్ని దాదాపు 16.3 కోట్ల పౌండ్లకు కొనేసింది. కంపెనీ ఏఐఎం నుంచి తప్పుకుంది. మరుసటేడు అబుధాబి పెట్టుబడి సంస్థ ఏడీఐఏ వచ్చింది. 2020లో జపాన్ ఒరిక్స్ అయిదో వంతు వాటా తీసుకుని, బదులుగా తన చేతిలోని గాలి కరెంటు ప్లాంట్లను కూడా ఇచ్చింది. 2025లో ఒరిక్స్ వాటాలో చాలా భాగాన్ని వ్యవస్థాపకుల సొంత సంస్థ ఏఎం గ్రీన్ దాదాపు 128 కోట్ల డాలర్లకు తిరిగి కొనేందుకు ఒప్పందం కుదిరింది. స్టాక్ మార్కెట్‌లో ఎప్పటికప్పుడు లెక్క అడిగే మదుపరులు పోయి, ఇరవై ఏళ్లు ఓపిక పట్టగల ప్రభుత్వ నిధులు రావడమే ఈ కథలో అసలు మలుపు. తర్వాత తీసుకున్న ప్రమాదాలన్నీ ఆ ఓపికను నమ్ముకుని తీసుకున్నవే.

కట్టడం కంటే కొనడం

2010లో జాతీయ సోలార్ మిషన్ మొదలైనప్పుడు కేంద్ర విద్యుత్ నియంత్రణ మండలి సోలార్ యూనిట్‌కు కట్టిన ధర రూ.17.91. మెగావాటు ప్లాంటుకు రూ.17 కోట్లు ఖర్చవుతుందని లెక్క. చైనాలో పలకల తయారీ విస్తరించి, మన దగ్గర వేలంపాటలు వచ్చాక ఆ ధర ఏటా కరిగింది. 2015 నవంబరులో కర్నూలు జిల్లా గని దగ్గర 500 మెగావాట్ల కోసం ఎన్టీపీసీ పెట్టిన వేలంలో అమెరికా కంపెనీ సన్‌ఎడిసన్ రూ.4.63కే ఇస్తానంది. దేశంలో అప్పటికి అదే అతి తక్కువ ధర. ఈ రేటుకు గిట్టుబాటు కాదని పోటీదారులు పెదవి విరిచారు. వారి జోస్యం సగం నిజమైంది. 2016 ఏప్రిల్‌లో సన్‌ఎడిసన్ అమెరికాలో దివాలా పిటిషన్ వేసింది. మిగతా సగం అబద్ధమైంది. దాని భారతీయ ప్లాంట్లను, గని ఒప్పందంతో సహా, గ్రీన్‌కో కొంది. పలకల ధర అప్పటికి ఇంకా పడిపోయింది. పాత కంపెనీని ముంచుతుందనుకున్న ధర కొత్త యజమానికి గిట్టింది.

గని, శకునాల ఊళ్ల మధ్య దాదాపు 5,900 ఎకరాల్లో వచ్చిన కర్నూలు సోలార్ పార్కు 1,000 మెగావాట్లతో 2017లో పూర్తయినప్పుడు ఒకేచోట ఉన్న పార్కుల్లో ప్రపంచంలోనే పెద్దవాటి సరసన నిలిచింది. అందులో సగం గ్రీన్‌కోది. 2018లో స్కైరాన్, ఆరెంజ్ అనే మరో రెండు కంపెనీల ప్లాంట్లూ దీని ఖాతాలో చేరాయి. ఇతరులు తొందరపడి పాడుకున్న ప్లాంట్లను ఓపికగల డబ్బుతో ఏరుకోవడం వల్ల కంపెనీ మెగావాట్లు ఏడాదిలో రెట్టింపయ్యే రోజులవి. 2017 మేలో రాజస్థాన్‌లోని భడ్లాలో ధర రూ.2.44కి దిగింది. అక్కడితో సోలార్ యూనిట్ మిల్లు బియ్యం లాగా ఎవరైనా అమ్మగల సరుకైపోయింది. అందరూ అమ్మగల సరుకులో లాభం ఉండదు.

సంతకం మీద తగవు

2019 మేలో ఆంధ్రప్రదేశ్‌లో ప్రభుత్వం మారింది. జులై 1న జీవో 63 వచ్చింది. పాత సోలార్, విండ్ ఒప్పందాలను సమీక్షించి ధర తగ్గించేందుకు ఉన్నతస్థాయి కమిటీ వేశారు. ప్రభుత్వం వాదనలో పస లేకపోలేదు. 2015 ప్రాంతంలో గాలి కరెంటుకు రూ.4.80 పైచిలుకు ధరతో పాతికేళ్ల ఒప్పందాలు చేసుకున్నారు. నాలుగేళ్లు తిరిగేసరికి మార్కెట్లో అందులో దాదాపు సగానికే దొరుకుతోంది. ఆ తేడాతో విద్యుత్ పంపిణీ సంస్థలు, అంటే డిస్కంలు, నెలనెలా మునుగుతున్నాయి. కంపెనీల వాదనలోనూ పస ఉంది. 2015లో టర్బైన్ ధర, వడ్డీ రేటు అప్పటివే. ఆ లెక్కతోనే నియంత్రణ మండలి ధర కట్టింది, దాన్ని నమ్మే బ్యాంకులు అప్పిచ్చాయి. ఇవాళ్టి ధర చూపి నిన్నటి ప్లాంటుకు డబ్బు తగ్గిస్తే రేపు ఎవరు కడతారు?

సెప్టెంబరు 24న హైకోర్టు ఆ జీవోను కొట్టేసింది. కానీ వివాదం మండలి ముందు తేలేదాకా సోలార్‌కు రూ.2.44, విండ్‌కు రూ.2.43 చొప్పున తాత్కాలికంగా కట్టమంది. ఆ తాత్కాలికం రెండున్నరేళ్లు సాగింది. 2022 మార్చి 15న డివిజన్ బెంచి ఆ ధరలను కూడా తోసిపుచ్చి, ఒప్పందంలో రాసుకున్న రేటుతో బకాయిలన్నీ ఆరు వారాల్లో కట్టమని తీర్పిచ్చింది. ఈలోగా సొంత బలం లేని డెవలపర్లు చాలామంది ఊపిరి బిగబట్టారు. రాష్ట్రంలో కొత్త పెట్టుబడి దాదాపు ఆగిపోయింది.

ఈ దెబ్బ ఎవరి మీద ఎలా పడిందో చూస్తే గ్రీన్‌కో ఎదుగుదలలోని కీలకం తెలుస్తుంది. రవి కైలాస్ 2009లో హైదరాబాద్‌లోనే స్థాపించిన మైత్రా ఎనర్జీ దారి మొదట అచ్చం ఇలాగే నడిచింది. అదే లండన్ ఏఐఎం, అదే గాలి, తర్వాత సోలార్. కానీ దాని వెనక విదేశీ ప్రభుత్వ నిధులు నిలబడలేదు. చివరికి దాని 1,753 మెగావాట్లను జేఎస్‌డబ్ల్యూ రూ.10,530 కోట్ల విలువకు కొంది. 2022లో ఒప్పందం, 2023 మార్చికి బదిలీ పూర్తి. మైత్రా ప్లాంట్లు చెడ్డవి కావు, కట్టినవాళ్లు అసమర్థులూ కారు. డిస్కం డబ్బు ఆలస్యమైనా వడ్డీ ఆగదు. ఆ నెలల్ని దాటించే జేబు ఎవరికుందన్నదే తేడా. మన దగ్గర పునరుత్పాదక కంపెనీ పెద్దదవడంలో ఇంజినీరింగ్ పాలు కొంతైతే, ఆలస్యాన్ని భరించే శక్తి పాలు అంతకంటే ఎక్కువ. దీన్ని విజయగాథల్లో ఎవరూ రాయరు.

పిన్నాపురం కొండ మీద

ఇక అసలు మెట్టు. నంద్యాల జిల్లా పాణ్యం మండలం పిన్నాపురం దగ్గర, కర్నూలు సోలార్ పార్కుకు కూతవేటు దూరంలో, 2022 మే 17న మొదటి కాంక్రీటు పోశారు. పోసింది అప్పటి ముఖ్యమంత్రి జగన్‌మోహన్‌రెడ్డి. పాత ఒప్పందాల ధరల మీద ఆ ప్రభుత్వం హైకోర్టులో ఓడి రెండు నెలలే అయింది. రాష్ట్రానికి కంపెనీ కావాలి, కంపెనీకి రాష్ట్రంలోని కొండా నీళ్లూ కావాలి. అవసరం ముందు పాత తగవు నిలవలేదు.

ప్రాజెక్టు మొత్తం 5,230 మెగావాట్లు. సోలార్ 3,000, విండ్ 550, మిగతా 1,680 పంప్డ్ స్టోరేజి. పంప్డ్ స్టోరేజి అంటే బ్రహ్మవిద్య కాదు. కింద సంపు, పైన ట్యాంకు ఉన్న ఏ ఇల్లైనా దాని నమూనాయే. తేడా ఏమిటంటే ఇక్కడ కిందికి దిగే నీళ్లు కుళాయికి పోకుండా టర్బైన్‌ని తిప్పుతాయి. కొండ మీద ఒక జలాశయం, కింద ఒకటి. మధ్యాహ్నం సోలార్ కరెంటు పోటెత్తినప్పుడు అదే యంత్రం మోటారుగా తిరిగి నీళ్లు పైకి తోడుతుంది. సాయంత్రం దిశ మార్చుకుని జనరేటర్ అవుతుంది. ఆరు గంటల పాటు నిండు శక్తితో నడిస్తే 10,080 మెగావాట్ అవర్లు, అంటే కోటి యూనిట్లకు పైగా.

ఈ పద్ధతి మనకు కొత్త కాదు. నాగార్జునసాగర్‌లో ఏడు, శ్రీశైలం ఎడమ గట్టున ఆరు యూనిట్లు వెనక్కి తిరిగి నీళ్లు తోడగలిగేవే. అయితే అవి నది మీద ఉన్నాయి. కింద నీళ్లు నిలవాలి, సాగునీటి విడుదల కుదరాలి, కృష్ణా బోర్డుతో రెండు రాష్ట్రాల తగవులు తేలాలి. అందుకే కట్టినంత మేరకు వాటితో నీళ్లు తోడింది లేదు. పిన్నాపురం నదిని వదిలేసింది. గోరకల్లు జలాశయం నుంచి ఒక టీఎంసీకి కాస్త పైన నీళ్లు ఒకసారి తెచ్చి నింపుకుంటే, అవే నీళ్లు రోజూ పైకీ కిందికీ తిరుగుతాయి. తర్వాత కావాల్సింది ఆవిరైన మేరకే. నదికీ వానకీ రాజకీయానికీ ముడిపడని జలవిద్యుత్ అన్నది ఇందులో కొత్త ఆలోచన.

లెక్క ఎలా గిడుతుందో చూద్దాం. వంద యూనిట్లు పెట్టి తోడితే తిరిగి వచ్చేది 75 నుంచి 80. అంటే మధ్యాహ్నం రూ.2.50కి దొరికిన కరెంటు సాయంత్రానికి రూ.3.33 దాకా పడుతుంది. దాని మీద జలాశయాలు, సొరంగాలు, యంత్రాల మీద పెట్టిన డబ్బు రాబట్టుకోవాలి. 2020 జనవరిలో కేంద్ర సంస్థ సెకీ పెట్టిన వేలంలో గ్రీన్‌కో ఇలాంటి నిల్వను చూపించి 900 మెగావాట్లు గెలిచింది. పీక్ గంటల్లో యూనిట్‌కు రూ.6.12, మిగతా వేళల్లో రూ.2.88. ఒకే కంపెనీ, ఒకే తీగ, ఒకే రోజు. గంటను బట్టి ధర రెట్టింపుకు పైనే. అంతకుముందు దశల్లో గ్రీన్‌కో కరెంటు అమ్మింది. ఇక్కణ్నుంచి సమయం అమ్మడం మొదలుపెట్టింది.

కొన్నవాళ్లెవరన్నది తర్వాతి ప్రశ్న. గుజరాత్‌లోని హజీరా ఉక్కు కర్మాగారానికి రోజంతా 250 మెగావాట్లు ఇచ్చేందుకు ఆర్సెలర్ మిత్తల్ ఇక్కడే 975 మెగావాట్ల సోలార్, విండ్ ప్లాంటు పెట్టుకుని పిన్నాపురం నిల్వతో ముడివేసుకుంది. సెకీ, ఎన్టీపీసీల ద్వారా మరికొంత ఇతర రాష్ట్రాలకు వెళ్తుంది. కొండ నంద్యాలది, నీళ్లు శ్రీశైలం కుడికాలువవి, సాయంకాలపు కరెంటు మాత్రం ఎక్కువగా బయటివాళ్లది. రాష్ట్రానికి లీజు వస్తుంది, మెగావాటుకింత అని రుసుము వస్తుంది. మన డిస్కంలు మాత్రం పీక్ గంటల్లో విద్యుత్ ఎక్స్‌ఛేంజిలో యూనిట్ రూ.10 గరిష్ఠ ధర పెట్టి కొనుక్కునే రోజులు చూస్తూనే ఉన్నాం. పాత ఒప్పందాలు ఖరీదయ్యాయని చేతులు కాల్చుకున్న రాష్ట్రం కొత్త ఒప్పందానికి భయపడటం సహజమే. కానీ ఆ భయం ఖరీదు కూడా లెక్కలో వేసుకోవాలి.

అందరి దారీ ఇదే కాదు

హైదరాబాద్‌లో ఈ రంగం అంటే గ్రీన్‌కో ఒక్కటే అనుకోవడం పొరపాటు. 1995లో మొదలైన ప్రీమియర్ ఎనర్జీస్ కరెంటు అమ్మే జోలికి పెద్దగా పోకుండా, మహేశ్వరం దగ్గర సెల్స్, మాడ్యూల్స్ తయారీ మీద నిలబడింది. చైనా సరుకుతో పోటీలో ఏళ్ల తరబడి నలిగి, దేశీయ తయారీకి రక్షణ వచ్చాక 2024లో రూ.2,830 కోట్ల పబ్లిక్ ఇష్యూకు వచ్చింది. ఫోర్త్ పార్ట్‌నర్ ఎనర్జీ ఫ్యాక్టరీల, మాల్స్ కప్పులను ఎంచుకుంది. ఫ్రేయర్ ఎనర్జీ ఇళ్ల డాబాలను ఎంచుకుంది. వీళ్లకు డిస్కం కొనుగోలుదారు కాదు, కాబట్టి బకాయిల బెడద తక్కువ. బదులుగా ఒక్కో కస్టమర్‌నీ ఒప్పించుకోవాలి, నెట్ మీటరు కోసం ఒక్కో సెక్షన్ ఆఫీసు చుట్టూ తిరగాలి. వెయ్యి ఇళ్లకు వెళ్తేగానీ మూడు మెగావాట్లు కావు.

తెలంగాణ కూడా మొదట వేరే దారి పట్టింది. ఒకేచోట మహా పార్కు కట్టకుండా, జిల్లాల్లోని సబ్‌స్టేషన్లకు దగ్గరగా చిన్న చిన్న ప్లాంట్లు రానిచ్చింది. పొడవాటి లైన్లు అక్కర్లేదు, వ్యవసాయ మోటార్లకు పగటి కరెంటు దగ్గరలోనే దొరుకుతుంది. 2019 నాటికి దాదాపు 3,500 మెగావాట్లు అలా వచ్చాయి. పెద్ద కంపెనీని పెంచే నమూనా కాదది, గ్రిడ్‌కు మాత్రం నొప్పి తక్కువ. ఎదుగుదలను మెగావాట్లతోనే కొలిచేవాళ్లు ఈ తేడా గమనించరు.

ఇంకా తేలని లెక్కలు

పిన్నాపురం పందెం గెలిచిందని ఇప్పుడే చెప్పలేం. మొదటి ముప్పు బ్యాటరీ. 2022లో సెకీ వేలంలో బ్యాటరీ నిల్వకు మెగావాటుకు నెలకు రూ.10.8 లక్షలు పలికింది. 2024 ముగిసేసరికి, కేంద్రం ఇచ్చే సాయంతో కలిపి చూస్తే, కొన్ని రాష్ట్రాల వేలాల్లో అది రూ.2.5 లక్షల లోపుకు దిగింది. సోలార్ పలకకు పట్టిన గతే నిల్వకూ పడుతోందన్నమాట. కొండ తవ్విన జలాశయం నలభై, యాభై ఏళ్లు నిలుస్తుంది, బ్యాటరీని పది పదిహేనేళ్లకు మార్చాలి. రెండు గంటల నిల్వకు బ్యాటరీ, ఆరెనిమిది గంటలకు నీళ్లు అన్నది ఇవాళ్టి సర్దుబాటు. రేపు ఆ గీత ఎక్కడికి జరుగుతుందో చెప్పలేం.

రెండోది కొండల, నదుల కోపం. గ్రీన్‌కో కూడా వాటాదారుగా ఉన్న సిక్కింలోని 1,200 మెగావాట్ల తీస్తా-3 ప్రాజెక్టు ఆనకట్ట 2023 అక్టోబరు 4 తెల్లవారకముందే, ఎగువన హిమానీ సరస్సు తెగి వచ్చిన వరదకు కొట్టుకుపోయింది. కింద ఊళ్లలో ప్రాణాలు పోయాయి. ఊక మీద ఆధారపడొద్దని నీళ్లలోకి వచ్చిన కంపెనీకి నీళ్లలోని ప్రమాదం అలా ఎదురైంది. నదికి దూరంగా కట్టే పిన్నాపురం తరహా జలాశయాల వాదనకు ఇది బలమే ఇచ్చింది.

మూడోది నేల. గని చుట్టుపక్కల పోయినవి చాలావరకు ప్రభుత్వం పంచిన అసైన్డ్ భూములు, మెట్ట పొలాలు. కట్టేటప్పుడు వేలమందికి కూలి దొరికింది. కట్టాక పలకలు తుడవడానికి, గడ్డి కోయడానికి, కాపలాకు కావాల్సింది కొద్దిమందే, ఆ తుడవడం కూడా ఇప్పుడు యంత్రాలకు పోతోంది. అదే జిల్లాలోని రోళ్లపాడు అభయారణ్యం బట్టమేక పిట్ట కోసం 1988లో ఏర్పడింది. ఆ పక్షి ఇప్పుడు అక్కడ దాదాపు కనిపించడం లేదు. దానికి గడ్డి నేలలు సాగులోకి పోవడం దగ్గర్నుంచి కారణాలు చాలా ఉన్నాయి. అయితే ఎదురుగా సరిగా చూడలేని ఆ బరువైన పక్షికి హైటెన్షన్ తీగలు ప్రాణాంతకమన్నది దేశమంతటా నిరూపితమైన సంగతి. హరిత విద్యుత్ అన్నంత మాత్రాన దాని తీగ కూడా హరితం కాదు.

ఇక వ్యవస్థాపకుల తాజా అడుగు కాకినాడలో పడింది. గ్యాస్‌తో యూరియా చేయడానికి 1990లలో మొదలై తర్వాత మూతపడిన నాగార్జున ఫెర్టిలైజర్స్ ప్లాంటును ఏఎం గ్రీన్ తీసుకుంది. ఏటా పది లక్షల టన్నుల హరిత అమ్మోనియా తయారీకి 2024లో తుది పెట్టుబడి నిర్ణయం ప్రకటించింది. నీటిని కరెంటుతో విడగొట్టి హైడ్రోజన్, దాన్ని గాలిలోని నత్రజనితో కలిపి అమ్మోనియా. టన్నుకు దాదాపు పది వేల యూనిట్లు కావాలి. అంటే ఏడాదికి వెయ్యి కోట్ల యూనిట్లు, అదీ రాత్రీ పగలూ తేడా లేకుండా. పిన్నాపురం లాంటి నిల్వ లేకపోతే ఇది సాధ్యం కాదు. ఇక్కడ మరో తర్కం కూడా ఉంది. కరెంటును కొనేవాడు డిస్కం అయితే సంతకం భయం ఉంటుంది. సొంత ఫ్యాక్టరీయే కొని, అమ్మోనియాను ఓడలో యూరప్‌కు పంపితే ఆ భయం ఉండదు. సూక్ష్మంగా చూస్తే 2004 నుంచి 2022 దాకా నడిచిన ధరల తగవులకు కంపెనీ ఇచ్చుకున్న జవాబు ఇది. అయితే హరిత అమ్మోనియాను మామూలు దాని కంటే ఎక్కువ పెట్టి కొనే విదేశీ కొనుగోలుదారు పాతికేళ్లు నిలుస్తాడా? క్యోటో క్రెడిట్లు కొన్నవాళ్లు అయిదారేళ్లు కూడా నిలవలేదు.

కొలబద్ద మార్చాలి

2025 జూన్ నాటికి దేశపు విద్యుత్ స్థాపిత సామర్థ్యంలో సగం శిలాజేతరమైంది. ఇది నిజమైన ఘనతే. కానీ స్థాపించిన సామర్థ్యం వేరు, వాడిన యూనిట్ వేరు, వాడిన గంట వేరు. రాత్రి ఎనిమిదింటికి వెంగళరావు నగర్‌లో వెలిగే లైటు వెనక ఇప్పటికీ ఎక్కువగా ఉన్నది సింగరేణి బొగ్గే.

కాబట్టి ఇలాంటి కంపెనీ ఎదుగుదలను ఇకమీదట మూడు ప్రశ్నలతో కొలవడం మంచిది. ఏ గంటకు కరెంటు ఇస్తోంది? ఒప్పందం బెడిసిన రోజు నష్టం ఎవరు మోశారు? ప్లాంటు లేచిన జిల్లాకు పాతికేళ్ల తర్వాత ఏం మిగులుతుంది? మొదటి ప్రశ్నలో గ్రీన్‌కోకు మంచి మార్కులే వేయాలి. దేశంలో చాలామంది మెగావాట్ల వెంట పడుతుండగా అది గంటల వెంట పడింది. రెండో ప్రశ్నలో మార్కులు కంపెనీకి కాదు, దాని వెనక నిలబడ్డ సింగపూర్, అబుధాబి నిధులకు పడతాయి. అలాంటి అండ లేని తెలుగు కంపెనీ ఏది పుట్టినా మైత్రా దారి పట్టక తప్పదని కూడా ఆ జవాబు చెబుతోంది. మూడో ప్రశ్నకు జవాబు కంపెనీ చేతిలో లేదు, ప్రభుత్వాల చేతిలో ఉంది. మన నేల మీద నిల్వ చేసిన కరెంటులో ఇంత వంతు పీక్ గంటల్లో మన డిస్కంలకు, నియంత్రణ మండలి కట్టిన ధరకు ఇవ్వాలని భూమి ఇచ్చేటప్పుడే రాసుకోవచ్చు. సొంత నేల మీది జలవిద్యుత్‌లో 12 శాతం ఉచిత వాటా హిమాలయ రాష్ట్రాలు ఎప్పటినుంచో తీసుకుంటున్నాయి. పంప్డ్ స్టోరేజికి అదే నియమం అచ్చంగా అతకదు, అక్కడ కరెంటు పుట్టదు, దాచుకుంటారంతే. కానీ దాచుకునే చోటుకు అద్దె అడిగే హక్కు చోటిచ్చినవాడికి ఉంటుంది. ఆ అద్దె రూపాయల్లోనే కాకుండా సాయంత్రం ఆరున్నర యూనిట్లలో కూడా అడగాలి. రాయలసీమ కొండల మీద ఇంకా ఎన్నో పంప్డ్ స్టోరేజి ప్రాజెక్టులకు ఇప్పుడు అనుమతులు ఇస్తున్నారు. అడగాల్సిన సమయం ఇదే.